గొంతు దిగే గుజ్జు

మా నాయన అన్నం మానేసిన వారంలో నేను వంట నేర్చుకున్నాను. అంతకు ముందు పొయ్యికీ నాకూ ఉన్న చుట్టరికం బీడీ ముట్టించుకునేంత వరకే.

బడిలో మూడో తరగతి దాకా ఓర్చుకున్నాను. బడి కూడా నన్ను అక్కడి దాకానే ఓర్చుకుంది. ఆ తర్వాత మార్కాపురం పలకల గనుల దగ్గర పనికి కుదిరాను. గనిలోంచి తీసి చీల్చిన నల్లరాతి పలకను నున్నగా రుద్దడం నా పని. పలక మీద నాలుగు అక్షరాలు రాయమంటే చెమటలు పట్టేవి గాని, అరచేత్తో ఒక్కసారి నిమిరితే ఎక్కడ గరుకు మిగిలిందో కళ్లు మూసుకొని చెప్పేవాణ్ణి. మా పలకలు రైలెక్కి మద్రాసు దాకా పోయి పిల్లల చేత తన్నులు తినిపించేవి. ఆ పుణ్యంలో నాకూ వాటా ఉందని నవ్వుకునేవాణ్ణి.

నాయన పొలం కూలి. చెనిక్కాయ చేలో కలుపు తీస్తూ ఒక పొద్దున పక్కకు ఒరిగిపోయాడు. మూతి ఒకవైపు జారింది, కుడిచెయ్యి పడిపోయింది. ఎడ్లబండిలో పాదిరీల మిషను ఆసుపత్రికి తీసుకుపోయాం. దేవుడి దయవల్ల చెయ్యి కొంత తిరిగింది. మాట కూడా కాస్త ముద్దముద్దగా తిరిగింది. గొంతు మాత్రం తిరగలేదు. నీళ్లు తాగితే పొలమారేది. సంగటి ముద్ద సగం దూరం పోయి అక్కడే కూర్చునేది. ఇంటికి తెచ్చిన నాలుగో రోజు మజ్జిగన్నంలో మెతుకు ఒకటి అడ్డంపడి, దగ్గీ దగ్గీ ఆయన మొహం నల్లబడిపోయింది. అమ్మ వీపు చరుస్తూ ఉంటే నేను ఆయన గడ్డం పట్టుకొని కూర్చున్నాను. ఊపిరి అందడానికి ఎంతసేపు పట్టిందో తెలియదు గాని నాకు మాత్రం ఒక పంటకాలం గడిచినట్టు ఉంది.

ఆ మర్నాటి నుంచి నాయన నోరు తెరవడం మానేశాడు. చెంచా దగ్గరికి తెస్తే పళ్లు బిగించేవాడు. ఆకలి లేదని కాదు. ఇంట్లో సంగటి కెలికే వాసన వస్తే ఆయన కళ్లు పొయ్యి వైపు తిరిగేవి. తినాలనీ ఉంది, తింటే చస్తానని భయమూ ఉంది. మా అమ్మ తడిగుడ్డతో పెదాలు అద్దుతూ ఉండేది. మనిషి రోజురోజుకూ మంచానికి అతుక్కుపోతున్నాడు.

మిషను డాక్టరమ్మ తెల్లావిడ. వారానికొకసారి గుర్రబ్బండిలో ఊళ్లు తిరిగేది. తెలుగు బాగా నేర్చుకుంది, కాకపోతే ఆదివారం ప్రార్థన గుడిలో బైబిలు చదివే తెలుగునే నేర్చుకుంది. నాయన గొంతు వేళ్లతో తడిమి చూసి, మమ్మల్ని వరసగా నిలబెట్టి చెప్పింది.

“ఇతని గొంతు అలసి యున్నది. పలుచని నీళ్లు ఇవ్వకూడదు. గట్టి ముద్ద ఇవ్వకూడదు. ఒక్క పలుకైనను లేకుండ మీగడవలె నుండు ఆహారము పెట్టవలెను. ఉర్లగడ్డలు, అనగా బంగాళాదుంపలు, మంచివి. ఎల్లుండి శుక్రవారము నేను మరల వచ్చెదను. అప్పటికి ఇతడు తినని యెడల ఆసుపత్రికి కొనిపోయి, ముక్కులో నుండి రబ్బరు గొట్టము వేయవలసి యుండును.”

నాయన మంచం మీద నుంచే అన్నాడు. “ముక్కుతో తినేదానికి నేనేమన్నా ఏనుగునా? నేను రాను. పోతే ఈడనే పోతా.”

నాకు నవ్వొచ్చింది. నన్ను చూసి నాయనకూ నవ్వొచ్చింది. నవ్వగానే దగ్గు అందుకుంది. మళ్లీ అమ్మ వీపు చరచడం, మళ్లీ నేను గడ్డం పట్టుకోవడం. డాక్టరమ్మ నా వైపు చూపుడువేలు చాపి, “భోజన సమయమున ఈ యువకుడు ఎదుట నుండరాదు” అని తీర్పు చెప్పి పోయింది. బడి వెళ్లగొట్టినప్పుడు కూడా ఇంత సిగ్గనిపించలేదు నాకు.

మీగడలాంటి తిండి అంటే ఏందో మా ఇంట్లో ఎవరికీ తెలియదు. జొన్నలూ కొర్రలూ తినే ఇంట్లో పళ్లకు పనిలేని తిండి ఎవరు చేస్తారు? తెల్లదొర బంగళాలో వంట చేసే మామ ఒకాయన ఉన్నాడు, మా అమ్మకు తమ్ముడి వరస. ఆయన దగ్గరికి పరుగెత్తాను. ఆయన వంటింటి వెనక కోడి ఈకలు పీకుతూ కూర్చున్నాడు.

“ఏంది అల్లుడా, మొహం అట్ల పెట్టినావు? నీ మొహానికి ఏడుపు నప్పదురా.”

“మామా, నాయన గొంతు దిగేటట్టు ఏమన్నా చేయాల. మీగడ మాదిరి ఉండాలంట. డాక్టరమ్మ ఉర్లగడ్డలు అన్నాది.”

మామ కోడిని పక్కన పెట్టాడు. “అదా! ఉర్లగడ్డలు, టర్నిప్పులు అని తెల్లోళ్ల గడ్డలు, రెండూ మెత్తగా ఉడకబెట్టాల. వేడి మీదనే జల్లెడలో వేసి వత్తాల. ముందర వెన్న, ఆనక కాగిన పాలు, కొంచెం కొంచెంగా పోసి తిప్పాల. ఇంగ్లీషోళ్లకు నోటినిండా పళ్లుంటాయి, తినేది మాత్రం పళ్లూడిన ముసలోళ్ల తిండి.”

“ఆ టర్నిప్పులు రెండు ఇయ్యి మామా.”

“దొరసానమ్మ రోజూ మడికాడికి పోయి వాటితో మాట్లాడి వస్తాదిరా. ఒకటి తగ్గినా నా ఉద్యోగం ఊడతాది. చేమగడ్డలు వేసుకో. అవి ఇంకా జారుడు, గొంతులో నిలవవు.”

“జల్లెడ లేదు గదా, రోట్లో వేసి దంచితే?”

“ఉర్లగడ్డను దంచినావంటే బంక అవుతాది. దాంతో మీ పలకలకు చెక్కలు అతికించుకోవచ్చు. మీ నాయన గొంతు మాత్రం అతికించొద్దురా సామీ!”

ఆ మాటకు ఇంకో రోజైతే పడీ పడీ నవ్వేవాణ్ణి. ఆరోజు మాత్రం వేళ్లు మడిచి లెక్కపెట్టుకున్నాను. దంచితే బంక, పలుకు మిగిలితే దగ్గు, పలచనైతే పొలమారడం. ఏ పక్కకు జారినా మా నాయనే.

ఉర్లగడ్డలు అప్పట్లో మా పక్క పండేవి కాదు. రైల్లో వచ్చి మార్కాపురం అంగట్లోకి చేరేవి. అవి తినేవాళ్లు కోమట్లూ ఆఫీసర్లూ. గురువారం పొద్దున్నే దుకాణం తెరవక ముందే పోయి మెట్టు మీద కూర్చున్నాను. దుకాణం సాయిబు తలుపు చెక్కలు ఒక్కొక్కటే తీస్తూ నన్ను ఎగాదిగా చూశాడు.

“ఏమప్పా, మీ ఇంటికి కలెక్టర్ దొర భోజనానికి వస్తున్నాడా ఏంది, ఉర్లగడ్డలు కావాల్సొచ్చినాయి?”

“మా నాయనే దొరైనాడు సాయిబన్నా. సంగటి దిగడం లేదంట.”

ఊరికే అన్నాను గాని నవ్వు మాత్రం రాలేదు. సాయిబు అది చూశాడు. సంచిలోకి వంగి అడుగున ఉన్న ముదురు గడ్డలు ఏరి ఇచ్చాడు. “లేతవి జిగురు పడతాయి. ఇవి పిండిపిండిగా విరుగుతాయి. పోయి చేసి పెట్టు. అల్లా సల్లగా సూస్తాడు.”

గనికాడికి పోయి మేస్త్రీకి రానని చెప్పి, రుద్దిన కొత్తపలక ఒకటి చంకన పెట్టుకున్నాను. ఎందుకని మేస్త్రీ అడిగితే, “చదువుకుంటా” అన్నాను. ఆయన ఇంకా నవ్వుతూనే ఉంటాడు.

నిజం ఏందంటే పలక నాకు వంటకే కావాలి. గుజ్జు తెల్లగా ఉంటుంది, పలక నల్లగా ఉంటుంది. గుజ్జును పలక మీద పలచగా పామితే, నలగని పలుకు ఒక్కటున్నా చీకట్లో నక్షత్రం మాదిరి కనబడుతుంది. నాలుక మీద పెట్టుకుంటే మోసపోవచ్చు, నాకు బలమైన పళ్లూ మింగే గొంతూ ఉన్నాయి. నా వేళ్లు రాతి మీద మోసపోవు.

ఇంటికొచ్చేసరికి అమ్మ చేమగడ్డలు ఉడకబెట్టి తొక్క తీస్తోంది. పక్కింటి అవ్వ తన బర్రె పాలు చెంబుతోనూ, వెన్న తామరాకులోనూ తెచ్చి ఇచ్చింది. నేను ఉర్లగడ్డలు తొక్కతోనే ఉడకబెట్టాను. వేళ్లు కాలుతుంటే ఊదుకుంటూ తొక్క ఒలిచాను. నాయన పాత పంచె ఉడుకునీళ్లలో ఉతికి, అందులో రెండు రకాల గడ్డలూ వేసి, నేనొక కొసా అమ్మ ఒక కొసా పట్టుకొని మెలితిప్పాం. బట్టలోంచి గుజ్జు మెల్లగా బయటికి వచ్చింది. నాయన గదిలోంచి అడిగాడు.

“ఏందే, పంచె ఉతుకుతా ఉండారా, వంట చేస్తా ఉండారా?”

“నువ్వు మాట్లాడొద్దు, గొంతు దాచుకో!” అని అమ్మ అరిచింది.

వెన్న వేశాను. అది కరిగి, గుజ్జు మెరిసింది. చూడగానే నాకు ఆశ పుట్టింది. కాగిన పాలు కొంచెం పోసి గరిటెతో తిప్పాను. ఇంకొంచెం పోశాను. గుజ్జు నున్నబడడానికి బదులు చెదిరింది. గరిటె చుట్టూ నీరు ఊరింది. ఆ నీటిలో సన్నసన్నగా విరుగుడు తేలింది.

“పాలు చెడినాయేమో” అంది అమ్మ.

“ఇప్పుడే పిండినాది. నా బర్రెను అనొద్దమ్మాయ్!” అంది అవ్వ.

నేను గుజ్జు వేలితో తీసి పలక మీద పామాను. నల్లరాయి మీద తెల్లతెల్లగా రవ్వలు. ఒకటి కాదు, రెండు కాదు. పొలంలో వడగళ్లు పడినట్టు ఉంది.

“చేమగడ్డల్లో ఏమన్నా వేసినావా అమ్మా?”

“ఏమేస్తాను? ఉప్పు, ఇంత చింతపండు.”

“చింతపండా!”

“వెయ్యకుండా యాడన్నా చేమగడ్డలు ఉడకబెడతారారా? గొంతంతా దురద పెట్టదూ? మా అమ్మ వేసింది, వాళ్లమ్మ వేసింది.”

అమ్మ తప్పేమీ లేదు. ఈ పక్క ఏ ఆడమనిషి చెయ్యైనా చేమగడ్డ కుండ పొయ్యెక్కితే దానంతటదే చింతపండు బుట్టలోకి పోతుంది. మామ బంగళాలో టర్నిప్పులు వండినవాడు, ఆయనకు చింతపండు గుర్తురాలేదు. పులుపు పడ్డ గడ్డలో పాలు పోస్తే విరగక ఏమవుతాయి? చింతపండు వేస్తే పాలు విరుగుతాయి. వెయ్యకపోతే దురద. బాగున్న గొంతైతే సర్దుకుంటుంది, అలసిన గొంతులో దురద పుడితే దగ్గే. దగ్గితే ఏమవుతుందో నేను ఒకసారి చూశాను.

అమ్మ గుజ్జు నోట్లో వేసుకొని చూసింది. “మెత్తగానే ఉండాదిరా. చిన్న చిన్నవే గదా, పోతాయిలే. పెట్టి చూద్దాం.”

నేను పలక ఆమె ముందు పెట్టాను. ఆమె చదువుకోలేదు, నేనూ దాదాపు అంతే. ఆ పలక మీదున్నది మాత్రం ఇద్దరమూ చదివాం. అమ్మ గిన్నె పక్కకు జరిపింది. ఆ గుజ్జు మేము ముగ్గురం ఉప్పు నంజుకొని తిన్నాం. రుచిగానే ఉంది. అందుకే ఇంకా కోపమొచ్చింది.

పొద్దు నడినెత్తి దాటింది. రేపు శుక్రవారం. గదిలో నుంచి నాయన దగ్గినప్పుడల్లా, ఉత్త గొంతు సవరించుకున్నా సరే, మేము ముగ్గురం ఒక్కసారిగా తలలు తిప్పేవాళ్లం. మిగిలినవి కొన్ని చేమగడ్డలు, కొన్ని ఉర్లగడ్డలు. పాలు సగం చెంబు. ఇదీ చెడితే మళ్లీ అంగడికి పోయి వచ్చేసరికి రాత్రవుతుంది, ఆ వేళకు నాయన నీరసంతో నిద్రపోతాడు. నిద్రపోయినవాడికి చెంచా పెట్టకూడదని డాక్టరమ్మ గట్టిగా చెప్పింది.

దారి అమ్మకే తోచింది. “చింతపండుతోనే ఉడకబెడదాం. ఆ నీళ్లు పారబోసి, తొక్కదీసి, ఉడుకునీళ్లతో కడిగి, మళ్లీ ఉత్తనీళ్లలో ఉడకబెడదాం. పులుపు పోవాల, దురద రాకూడదు.”

అట్లనే చేశాం. కడిగిన నీళ్లు నాకి చూశాను, పులుపు తగిలింది. మళ్లీ కడిగాం. మళ్లీ నాకాను. అవ్వ, “వీడు పసిపిల్లోడి మాదిరి గిన్నెలు నాకుతా ఉండాడు” అని సణిగింది. పులుపు పోయింది. ఇక దురద. అది నాకి చూస్తే వెంటనే తెలిసేది కాదు, కాస్త ఆగి వస్తుంది. అందుకని ముగ్గురం తలా ఒక ముక్క నోట్లో వేసుకొని మింగి, గోడకు ఆనుకొని కూర్చున్నాం. దొంగల కోసం కాపు కాసినట్టు ఎవరి గొంతుకు వాళ్లం కాపు కాశాం.

“అమ్మా, ఏమన్నా ఉందా?”

“లేదు. నీకో?”

“నాకు ఎక్కడో గోకినట్టుంది.”

“అది భయం రా. దురద కాదు.”

“అవ్వా, నీకు?”

“గొంతులో లేదు గాని, మీ మొహాలు చూస్తుంటే వళ్లంతా పెడతా ఉంది.”

అమ్మ నవ్వబోయి నోటికి కొంగు అడ్డం పెట్టుకుంది. ఆరోజు మా ఇంట్లో నవ్వంటే అంత భయం.

దురద రాలేదు. మళ్లీ పంచె, మళ్లీ మెలి. వెన్న కలిపాను. పాలన్నీ ఒకేసారి పోసే ధైర్యం ఎవరికీ లేదు. చిన్న గిన్నెలో చెంచాడు గుజ్జు వేసి, రెండు చుక్కల పాలు వేసి తిప్పాను. చెదరలేదు. ఇంకో రెండు చుక్కలు. చెదరలేదు. అమ్మ కళ్లు మూసుకొంది, “పాలు పొయ్యరా” అంది. పోశాను. గుజ్జు గరిటెను పట్టుకొని, మెల్లగా వదిలి, మళ్లీ కలిసిపోయింది. పలక మీద పామాను. ఒక చివర నుంచి ఇంకో చివర దాకా వేలు ఎక్కడా ఆగలేదు. నల్లరాయి మీద తెల్లటి చార, సున్నం పూసినట్టు.

అమ్మ గిన్నె తీసుకొని గదిలోకి పోయింది. నేను తీర్పు ప్రకారం తడిక వెనక నిలబడ్డాను. తడిక సందులోంచి నాయన మోకాళ్లు, అమ్మ చెయ్యి, గిన్నెలోంచి లేచే ఆవిరి కనబడుతున్నాయి.

మా ఇంట్లో ప్రార్థన చేయనిదే ముద్ద ముట్టరు. నాయన కళ్లు మూసుకున్నాడు. మామూలుగా ఆయన ప్రార్థన, ఆకలిగొన్న కూలివాడి ప్రార్థన, మూడు మాటల్లో తేలిపోయేది. ఆరోజు మొదలుపెట్టాడు. అన్నమిచ్చిన దేవుడికి వందనం చెప్పాడు. డాక్టరమ్మ కోసం, ఆమె గుర్రం కోసం ప్రార్థించాడు. చెనిక్కాయ చేను కోసం, వాన కోసం. పాస్టరు అయ్యగారి నడుంనొప్పి కోసం. పక్కింటి బర్రె కోసం. ఆయన దేవుణ్ణి వేడుకోవడం లేదని నాకు తెలిసిపోయింది, చెంచాను ఆపుతున్నాడు. ఆవిరి సన్నబడింది. చల్లారితే గుజ్జు గట్టిపడుతుందనీ, పైన మీగడ కట్టి తెట్టు పడుతుందనీ మామ చెప్పాడు. తెట్టు అంటే మళ్లీ పలుకే. నేను తడిక వెదురు పట్టుకొని, దేవుడా, ఆయన మాట వినకు, నా మాట విను, అని ఎదురు ప్రార్థన మొదలుపెట్టాను.

నాయన ఇంగ్లండులోని రాజుగారి దాకా వచ్చాడు. అమ్మ ఒక కన్ను తెరిచింది. గిన్నె చూసింది. “ఆమెన్” అంది గట్టిగా.

“ఇంకా కాలేదే” అన్నాడు నాయన.

“రాజుగారు బాగానే తిన్యాడు. నువ్వు తిను.”

చెంచా పైకి లేచింది. నాయన చెయ్యి మోకాలిని గట్టిగా పట్టుకుంది. తర్వాత ఏమీ వినబడలేదు. అంత నిశ్శబ్దం నేను గనిలో మందు పేల్చే ముందు మాత్రమే విన్నాను. గుటక పడిన చప్పుడు వచ్చింది. నేను దగ్గు కోసం ఎదురుచూశాను. రాలేదు. ఇంకా చూశాను. గొంతు సవరించుకున్నాడు, నేను తడిక సందుకు కన్ను ఆనించాను. దగ్గు రాలేదు.

“ఏమైనా అడ్డం పడినాదా?” అమ్మ ముందుకు వంగింది.

“ఊఁ హూఁ.”

రెండో చెంచా. మూడోది. ప్రతి చెంచాకూ ఆయన మోకాలు పట్టుకోవడం, నేను వెదురు పట్టుకోవడం. కొంతసేపటికి ఆయన వేళ్లు వదులయ్యాయి.

“ఉప్పు తక్కువైంది” అన్నాడు నాయన.

అమ్మ సంతోషం పట్టలేక పరుగెత్తుకొచ్చి ఉప్పు కుండలో చెయ్యి పెట్టింది. పిడికెడు కల్లుప్పు! పప్పుగింజలంతేసి పలుకులు!

“అమ్మా! అది రాయి!” అని నేను ఆమె చెయ్యి పట్టుకున్నాను. ఇద్దరం ఒకరినొకరు చూసుకున్నాం. ఆమె పిడికిలి విప్పి, చిటికెడు మాత్రం ఉంచుకుంది. ఉప్పు నీళ్లలో కరగబెట్టి, ఆ నీళ్లు బట్టలో వడగట్టి, రెండు చుక్కలు గిన్నెలో కలిపి తీసుకుపోయింది. నాయన గిన్నెలో సగం తిన్నాడు. చెయ్యి ఊపి చాలన్నాడు. తర్వాత చాలాసేపు ఆయనను పడుకోనివ్వకుండా కూర్చోబెట్టే ఉంచాం.

మర్నాడు డాక్టరమ్మ వచ్చింది. తన కళ్లముందే తినాలంది. ఆరోజు నాయన ప్రార్థన క్లుప్తంగా ముగించాడు. ఆమె ఆయన మెడ మీద రెండు వేళ్లు పెట్టి, ప్రతి గుటకా లెక్క చూసుకున్నట్టు తల ఊపుతూ కూర్చుంది. గిన్నె ఖాళీ అయ్యాక, రబ్బరు గొట్టం మాటెత్తకుండానే తన తోలుసంచి బండిలో పెట్టించింది. పోతూ పోతూ, “ప్రతి దినము మూడు పూటలు ఈ విధముగనే పెట్టవలెను. ఒక్క పూట అశ్రద్ధ చేసినను అపాయము” అంది.

నాయన బతికాడు. చాలా రోజుల తర్వాత సంగటి కూడా తిన్నాడు, పలచగా కెలికితే. కాని ఆ నెలల్లో నేను ఏ పూటా నిశ్చింతగా గరిటె తిప్పింది లేదు. పాలు రెండేసి చుక్కలుగానే పోసేవాణ్ణి. పనికి పోయినా, మధ్యాహ్నం వేళకు గనిలో పలక రుద్దుతూ రుద్దుతూ ఆగి, ఊరివైపు చెవి పెట్టేవాణ్ణి. అంత దూరం నుంచి దగ్గు వినబడదని నాకు తెలుసు. అయినా ఆయన తినే వేళ దాటిపోయేదాకా నా చెయ్యి మళ్లీ రాతి మీదికి పోయేది కాదు.